వయసు మళ్లిన నటులకు పాత్రలు రాయండి

సంపాదకుడి గారికి,

డెబ్బై దాటిన నటికో నటుడికో అవార్డు వస్తే, లేటు వయసులో ప్రతిభ బయటపడిందని పత్రికలు రాస్తుంటాయి. ఆ మాట చదివినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది. ఆ నటన నిన్నామొన్నా వచ్చింది కాదు. వాళ్లకు తగ్గ పాత్ర రాయడానికే మనవాళ్లకు అన్నేళ్లు పట్టింది.

హిందీ నటి సురేఖా సిక్రీ గారినే చూడండి. నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామాలో చదువుకుని, నాటకాల్లో రాటుదేలిన మనిషి. ‘తమస్’, ‘మమ్మో’ సినిమాలకు జాతీయ అవార్డులు ఎప్పుడో అందుకున్నారు. అయినా మన ఇళ్లలో ఆవిడ ‘చిన్నారి పెళ్లికూతురు’ సీరియల్‌లో కోపిష్టి పెద్దావిడ, అంతే. రోజూ చూసిన మాకే ఆవిడ పేరు తెలియదు. తర్వాత 2018లో ‘బధాయీ హో’ అనే హిందీ సినిమా వచ్చింది. అందులో ఆవిడ అత్తగారు. లేటు వయసులో నెల తప్పిన కోడలి మీద అప్పటిదాకా చిటపటలాడిన ఆ ముసలమ్మే, పెళ్లింట్లో సొంతవాళ్లు కోడల్ని సూటిపోటి మాటలంటుంటే అందరి నోళ్లూ మూయిస్తుంది. ఆ సీన్ చూసి నేను ఏడ్చేశాను. ఆ పాత్రకు మూడో జాతీయ అవార్డు అందుకోవడానికి 2019 డిసెంబరులో ఆవిడ వీల్‌చెయిర్‌లో వస్తే హాలంతా లేచి నిలబడింది.

ఏడాది తిరక్కుండానే కరోనా వచ్చింది. 65 ఏళ్లు దాటినవాళ్లు షూటింగ్‌కు రాకూడదని మహారాష్ట్ర ప్రభుత్వం ఆంక్ష పెట్టింది. ఒకరికి భారం కాకూడదు, నాకు పని కావాలి అని ఆవిడ నోరు తెరిచి చెప్పుకోవాల్సి వచ్చింది. ఆ రోజుల్లో జాగ్రత్త అవసరమే, కాదనను. కానీ నటులకు నెల జీతం ఉండదు, పింఛనూ ఉండదు. పనికి పోతేనే డబ్బు. 2020 ఆగస్టులో బాంబే హైకోర్టు ఆ ఆంక్షను కొట్టేసింది. మరుసటి ఏడాది జులైలో ఆవిడ కన్నుమూశారు.

బయటి దేశాల్లోనూ ఇదే కథ. కెనడా నటుడు క్రిస్టఫర్ ప్లమర్ 82 ఏళ్లకు తొలి ఆస్కార్ అందుకుని, నాకన్నా రెండేళ్లే పెద్దదానివి, ఇన్నాళ్లూ ఎక్కడున్నావని చేతిలోని ఆ అవార్డు బొమ్మనే అడిగారు. అమెరికా నటి జూన్ స్క్విబ్ మొదటిసారి ప్రధాన పాత్ర వేసింది తొంభై దాటాకే.

మన సినిమాల్లో పెద్దవాళ్లంటే ఆస్పత్రి మంచం మీదో, దండ వేసిన ఫొటోలోనో కనిపిస్తారు. రచయితలూ, వాళ్లకూ కోపం, ఆశ, పంతం ఉంటాయి, అవి రాయండి. నిర్మాతలు వాళ్ల ఒంటికి తగ్గట్టు షూటింగ్ వేళలు కుదించాలి. మీ పత్రికకూ ఒక మనవి: సమీక్షల్లో ‘హీరో నాయనమ్మగా చేసినావిడ’ అని వదిలేయకుండా, దయచేసి పేరు రాయండి.

– ఒక పాఠకురాలు