గాలికుంటు టీకా ఆపేశాక కాపలా ఎవరిది? సెనేటర్ వెల్లింగ్టన్ ఫాగుండెస్ గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన సెనేటర్ గారికి,

నమస్కారం. మీరు పశువైద్యం చదివి రాజకీయాల్లోకి వచ్చినవారు. 1991 నుంచి వరుసగా ఫెడరల్ డిప్యూటీగా, అంటే జాతీయ దిగువసభ సభ్యుడిగా, 2015 నుంచి సెనేటర్‌గా బ్రెజిల్‌లోని మాతో గ్రోసో రాష్ట్రానికి ప్రాతినిధ్యం వహిస్తున్నారు. ఆ దేశంలో అన్నిటికంటే ఎక్కువ పశువులున్న రాష్ట్రం అది. మూడు కోట్లు దాటిన ఆ మందల్లో అధిక భాగం మీరు నెలోర్ అని పిలిచే తెల్లపశువులే, అంటే మా ఒంగోలు జాతే. 1960ల మొదట్లో ఒంగోలు పక్కనున్న కరవది పేరుతో మీ దేశానికి వచ్చిన గిత్త సంతానం ఇప్పటికీ నెలోర్ వంశావళుల్లో కనిపిస్తుంది. ఆ జాతికి గాలికుంటు, అంటే నోట్లో, గిట్టల్లో పుండ్లు లేపే వైరస్ జబ్బు, సోకితే ఎలా ఉంటుందో ఇక్కడి పల్లెల్లో పనిచేసే పశువైద్యులుగా మాకు తెలుసు. మీ దేశంలో 2006 తర్వాత ఆ జబ్బు లేదు. అందుకే ఈ లేఖ.

మాతో గ్రోసోలో చివరి గాలికుంటు టీకా 2022 నవంబరులో వేశారు. 2025 మే నెలలో ప్రపంచ పశు ఆరోగ్య సంస్థ బ్రెజిల్ మొత్తాన్ని టీకా అవసరం లేకుండానే గాలికుంటు లేని దేశంగా గుర్తించింది. దశాబ్దాల కష్టానికి దక్కిన ఫలితం అది, మనస్ఫూర్తిగా అభినందనలు. ఆ సంస్థ పుట్టుకకూ మన పశువులకూ సంబంధం ఉంది. 1920లో ఇండియా నుంచి బ్రెజిల్‌కు బయల్దేరిన పశువులు దారిలో ఆంట్‌వెర్ప్ రేవులో ఆగినప్పుడు బెల్జియంలో పశువుల్ని చంపే రిండర్‌పెస్ట్ అనే అంటువ్యాధి పాకింది. ఆ దెబ్బకే 1924లో పారిస్‌లో ఆ సంస్థ ఏర్పడింది. 1962లో మా పశువులు వచ్చినప్పుడు మీవాళ్లు వాటిని ఫెర్నాండో దె నొరోన్యా దీవిలో క్వారంటైన్‌లో ఉంచింది కూడా ఇలాంటి భయంతోనే. ఆ జాగ్రత్తే ఇప్పుడు మరో రూపంలో కావాలి.

పుస్తకంలో రాసినట్టు గాలికుంటు కనిపించేది సంకరజాతి ఆవుల్లో. జెర్సీ, హెచ్‌ఎఫ్ (హోల్‌స్టీన్ ఫ్రీజియన్) సంకరాలకు సోకితే నోటి నుంచి తీగలు తీగలుగా చొంగ కారుతుంది, పాలు ఒక్కసారిగా పడిపోతాయి, ఆవు లేవలేకపోతుంది. రైతే పరుగెత్తుకుంటూ ఆస్పత్రికి వస్తాడు. అదే వైరస్ ఒంగోలు పశువుకు సోకితే చాలాసార్లు ఇంత హడావుడి ఉండదు. రెండు రోజులు మేత తగ్గిస్తుంది, కాలు కాస్త ఎత్తెత్తి వేస్తుంది. నోరు తెరిచి చూస్తే పై దవడలో ముందుపళ్లుండని గట్టి చిగురు మీద చిన్న పుండు, గిట్టల చీలికలో మరొకటి. వారం పదిరోజులకు మానిపోతుంది. కట్టుకొయ్య దగ్గరున్న పశువైతే ఇంటివాళ్లు కనిపెడతారు. వేల హెక్టార్ల పచ్చికలో మేసే మందలో ఎవరు చూస్తారు? కుంటితే రాయి గుచ్చుకుందనుకుంటారు. మూతి చిట్లితే బ్రాకియేరియా గడ్డి మేసినప్పుడు వచ్చే ఎండపొక్కు అనుకుంటారు. బ్రెజిల్‌లో ఉన్న వెసిక్యులర్ స్టొమటైటిస్‌ను, అంటే ఇలాంటి పొక్కులే లేపే మరో వైరస్ జబ్బును, గాలికుంటు నుంచి కంటితో వేరుచేయడం ఎవరివల్లా కాదు. కాబట్టి 'ఇది స్టొమటైటిస్సేలే' అని ఏ పశువైద్యుడూ తనంతట తాను తేల్చేసి వదిలేయకూడదు. ప్రతి పొక్కూ ప్రయోగశాలకు చేరాల్సిందే.

కాపరులకు నేర్పాల్సింది ఒకటుంది. గుర్రం మీద నుంచి మందను చూస్తే ఏమీ తెలియదు, ఉప్పు తొట్టి దగ్గర ఆగి చూడాలి. నోరు పుండైన పశువు ఉప్పు నాకడానికి వెనకాడుతుంది, వచ్చినా చప్పరిస్తూ నిలబడుతుంది. ఒకే వారంలో రెండు మూడు పశువులు ఇలా కనిపిస్తే ఆ మందను కదిలించకుండా కబురు పెట్టాలి. కబురందిన 12 గంటల్లో ప్రభుత్వ పశువైద్యుడు అక్కడ ఉండాలి.

ఆయన అక్కడ చేయాల్సిన పని పుండు వయసు కట్టడం. పొక్కు పగలకుండా ఉంటే ఒకటి రెండు రోజులది. పగిలి, పచ్చిగా ఎర్రగా, అంచు కత్తితో కోసినట్టు ఉంటే రెండో రోజుది. అంచు మసకబారి, పైన పసుపురంగు పొర పడటం మొదలైతే మూడు నాలుగు రోజులది. మచ్చ కట్టడం మొదలైతే వారం దాటింది. మందలో అతి పాత పుండును వెతికి, అక్కడి నుంచి 14 రోజులు వెనక్కి లెక్కపెడితే వైరస్ లోపలికి వచ్చిన కాలం దొరుకుతుంది. ఆ రోజుల్లో వచ్చిపోయిన ప్రతి లారీనీ వెతకాలి. నమూనాగా పొక్కు పైపొర ఒక గ్రాము కావాలి. దాన్ని 7.2–7.6 పీహెచ్ ఉన్న గ్లిసరాల్ బఫర్‌లో వేసి చల్లగా పంపాలి. బఫర్ కాస్త ఆమ్లంగా మారినా వైరస్ చచ్చిపోయి, జబ్బున్న మందకే 'లేదు' అని రిపోర్టు వస్తుంది. మేం ఎక్కువగా భయపడేది ఈ తప్పుకే.

ఇవన్నీ ఫొటోల్లో చూసి నేర్చుకునేవి కావు. 2006 తర్వాత పట్టా తీసుకున్న మీ పశువైద్యుల్లో ఈ జబ్బును కళ్లారా చూసినవాళ్లు ఎంతమంది ఉంటారు? యూరప్ దేశాలు తమ పశువైద్యులను కెన్యా, నేపాల్ పంపి, జబ్బున్న మందల్లోనే శిక్షణ ఇప్పిస్తున్నాయి. మీ రాష్ట్ర పశు ఆరోగ్య శాఖ ఇండియా నుంచి కూడా అలాంటి శిక్షణ కోరవచ్చు. మా దగ్గర 2019 నుంచి జాతీయ టీకా కార్యక్రమం నడుస్తోంది, జబ్బు మాత్రం ఇంకా పోలేదు. నెలోర్ రక్తమున్న పశువులోనే ఆ పుండును చూపించగల చోటు ఇది. వచ్చినవాళ్లు బూట్లు, బట్టలు ఇక్కడే వదిలేసి వెళ్లాలి, తిరిగెళ్లాక కనీసం వారం పాటు పశువుల జోలికి పోకూడదు.

టీకాతో పాటు పోయిన మరో సంగతి అంతగా చర్చకు రావడం లేదు. మే, నవంబరు టీకాల్లో ఒక విడతకైనా మంద మొత్తాన్ని దొడ్డికి తోలి, ట్రెవిస్ (పశువును కదలకుండా నిలబెట్టే ఇరుకు చట్రం) గుండా ఒక్కొక్కటిగా పంపేవారు. ప్రతి పశువు నోరూ చేతికందే దూరంలోకి వచ్చేది, లెక్క కూడా తేలేది. ఇప్పుడు లెక్క కాగితం మీద వస్తోంది, పశువు రావడం లేదు. పశువులు ఈసుకుపోయేలా చేసే బ్రూసెల్లా జబ్బు టీకా కోసం మూడు నుంచి ఎనిమిది నెలల పెయ్యల్ని ఎలాగూ పట్టి, ఎడమ దవడ మీద ముద్ర వేస్తున్నారు. అదే సమయంలో నోరు, గిట్టలు చూసి అదే కాగితంలో రాయడం తప్పనిసరి చేయండి. దానికి పైసా అదనపు ఖర్చు లేదు. 2023 తర్వాత పుట్టిన పశువుల్లో గాలికుంటు టీకా తాలూకు యాంటీబాడీలు ఉండవు. తల్లిపాల ప్రభావం తగ్గే ఆరు నెలల వయసు దాటిన వాటిలో యాంటీబాడీ కనిపించిందంటే లోతుగా విచారించాల్సిందే. రక్తపరీక్షల నమూనాలు ముందుగా వాటి నుంచే తీయించండి.

పశువుకో నంబరు ఇచ్చే జాతీయ పథకాన్ని 2024 డిసెంబరులో ప్రకటించారు, గడువు 2032. ఈలోగా పశువులు గుంపుల లెక్కన, రవాణా పత్రం మీదే తిరుగుతాయి. ఆ పత్రం నలభై పశువులు వెళ్లాయని చెబుతుంది, ఏ నలభయ్యో చెప్పదు. దేశం మొత్తం ఒకేసారి కుదరకపోతే బొలీవియా సరిహద్దున్న కాసెరెస్ ప్రాంతంతోనూ, వేలాలకు వచ్చే పశువులతోనూ ముందు మొదలుపెట్టించండి.

పరిహారం సంగతి మీరు చట్టసభలో ఉన్నారు కాబట్టి ప్రత్యేకంగా అడుగుతున్నాం. మందను చంపాల్సి వస్తే ముందు విలువ కట్టి డబ్బు ఇవ్వాలని 1948 నాటి మీ 569వ నంబరు చట్టమే చెబుతోంది. ఎన్ని రోజుల్లో అన్నదే ముఖ్యం. డబ్బు ఎప్పుడొస్తుందో తెలియని రైతు పుండు చూసి నోరు మూసుకుంటాడు, రాత్రికి రాత్రే పశువుల్ని అమ్మేస్తాడు. వైరస్‌కు అంతకంటే వేగమైన బండి లేదు. 2005లో మీ పొరుగు రాష్ట్రం మాతో గ్రోసో దో సుల్‌లో ఎల్దొరాదో దగ్గర జబ్బు బయటపడగానే ఎన్ని దేశాలు మీ మాంసాన్ని ఆపేశాయో మీకు మేం చెప్పనక్కర్లేదు. మార్కెట్ ధర, 30 రోజుల గడువు, ఈ రెండూ చట్టంలో ఉండాలి.

చివరగా టీకా ఫ్యాక్టరీలు. పశువుల టీకా తయారుచేసే కర్మాగారాల్లో కోవిడ్ టీకా తయారీకి అనుమతిచ్చిన 2021 నాటి 14.187 చట్టం మీరు ప్రవేశపెట్టిన బిల్లే. ఆ కర్మాగారాల విలువ ఏమిటో అప్పుడు దేశానికి చెప్పింది మీరే. మీ దేశంలో గాలికుంటు టీకాకు ఇప్పుడు గిరాకీ లేదు. గిరాకీ లేని తయారీ లైన్‌ను ఏ కంపెనీ ఎంతకాలం నడుపుతుంది? వైరస్ బయటికి పోకుండా కట్టిన ఆ గదులు ఒకసారి మూతపడితే, అత్యవసరంలో మళ్లీ తెరవడానికి ఏళ్లు పడుతుంది. కనీసం ఒక లైన్‌నైనా ప్రభుత్వ ఒప్పందంతో బతికించాలి. అత్యవసర టీకాకు కావాల్సిన ముడిసరుకును లిక్విడ్ నైట్రోజన్‌లో భద్రపరిచే యాంటిజెన్ బ్యాంకులో మీకు అలవాటైన ఓ, ఏ వైరస్ రకాలు మాత్రమే సరిపోవు. మా ప్రాంతంలో పుట్టిన ఓ రకపు ఇండ్-2001 శాఖ మధ్యప్రాచ్యం దాకా, ఉత్తర ఆఫ్రికా దాకా పాకింది. ఆఫ్రికాకే పరిమితమనుకున్న శాట్-1 రకం 2025లో ఇరాక్, కువైట్, టర్కీల్లో తేలింది. ఆసియా-1 అనే మరో రకంతో కలిపి వీటన్నిటికీ చోటుండాలి. డోసు 2 మి.లీ.గానే ఉంచండి, టీకా బలం పెంచడానికి కలిపే సాపోనిన్ వద్దు. పాత 5 మి.లీ. టీకా వేసినచోట గడ్డలు కట్టి, 2017లో అమెరికా మీ పచ్చిమాంసాన్ని ఆపేసిన సంగతి మీకు గుర్తుండే ఉంటుంది.

సెనేట్ వ్యవసాయ కమిటీలో ఈ అంశాల మీద ఒక బహిరంగ విచారణ పెట్టించమని మా విన్నపం. రోజువారీగా వయసు కట్టిన పుండ్ల ఫొటోలు, ఒంగోలు పశువులవీ సంకరజాతి ఆవులవీ పక్కపక్కన పెట్టి, ఆ కమిటీకి పంపడానికి సిద్ధంగా ఉన్నాం.

ఇట్లు,
ఆంధ్రప్రదేశ్, తెలంగాణ పల్లెల్లో పనిచేస్తున్న పశువైద్యులు