బ్యాట్‌మ్యాన్ పక్కన బిల్ ఫింగర్ పేరు కూడా ఉండాలి

సంపాదకుల వారికి నమస్కారములు.

గత ఆదివారం మీ అనుబంధంలో అమెరికా బొమ్మల కథల వీరుడు బ్యాట్‌మ్యాన్ గురించి వచ్చిన వ్యాసాన్ని మా ఊరి గ్రంథాలయంలో పిల్లలకు చదివి వినిపించాను. సినిమాల వివరాలు శ్రద్ధగా ఇచ్చారు. అయితే ఆ పాత్రను చిత్రకారుడు బాబ్ కేన్ సృష్టించారని ఒక్క వాక్యంలో చెప్పి ముందుకు వెళ్లిపోయారు. ఆ వాక్యంలో సగమే నిజం ఉంది. మిగిలిన సగం రచయిత బిల్ ఫింగర్‌ది. ఆయన పేరు ఎక్కడా కనబడకపోవడం నన్ను బాధపెట్టినందువల్ల ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఫింగర్ 1914 ఫిబ్రవరి 8న అమెరికాలోని డెన్వర్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టి, న్యూయార్క్ నగరంలోని బ్రాంక్స్ ప్రాంతంలో పెరిగారు. రచయిత కావాలని ఆశపడుతూ, పొట్ట గడవడానికి చెప్పుల దుకాణంలో పనిచేసేవారు. తాను చదివిన ఉన్నత పాఠశాలలోనే చదువుకున్న బాబ్ కేన్‌తో స్నేహం కలిసి, ఆయన గీసే బొమ్మలకు కథలు రాయడం మొదలుపెట్టారు. 1938లో వచ్చిన సూపర్‌మ్యాన్ విపరీతంగా అమ్ముడుపోవడంతో ప్రచురణకర్తలు అలాంటి మరో వీరుడు కావాలన్నారు. కేన్ ఒక బొమ్మ గీసి ఫింగర్‌కు చూపించారు. అందులో ఉన్నది ఎర్రటి బిగుతు దుస్తులు, బిరుసైన రెక్కలు, కళ్లకు చిన్న గంతలాంటి ముసుగు ఉన్న మనిషి. ఫింగర్ నిఘంటువు తీసి, అందులో ఉన్న గబ్బిలం బొమ్మ చూపించి, ఆ చెవులను గమనించమన్నారు. తలంతా కప్పే చెవుల ముసుగు, రెక్కల బదులు వెనక వేలాడే అంచులు కోసిన అంగవస్త్రం, చేతులకు తొడుగులు, కంటిపాపలు కనబడని తెల్లటి కళ్లు, ఎరుపు తీసేసి ముదురు బూడిద రంగు, ఇవన్నీ ఆయన సూచనలే. ఈ సంగతిని ఎవరో అభిమాని ఊహించి చెప్పలేదు. 1989లో వెలువడిన తన ఆత్మకథలో కేన్ స్వయంగా రాసుకున్నారు.

1939 మే నెల తేదీతో వెలువడిన ‘డిటెక్టివ్ కామిక్స్’ 27వ సంచికలో ఆరు పేజీల తొలి బ్యాట్‌మ్యాన్ కథ రాసింది ఫింగరే. ముసుగు వెనక ఉన్న మనిషికి బ్రూస్ వేన్ అన్న పేరు పెట్టిందీ ఆయనే. స్కాట్లండ్ వీరుడు రాబర్ట్ ద బ్రూస్ నుంచి ఒక సగం, అమెరికా స్వాతంత్ర్య పోరాటంలో సేనాని ఆంథొనీ వేన్ నుంచి మరో సగం తీసుకున్నారు. బ్యాట్‌మ్యాన్ ఉండే నగరానికి ఏ పేరు పెట్టాలా అని టెలిఫోన్ డైరెక్టరీ తిరగేస్తుంటే ఒక నగల దుకాణం పేరులో గోథమ్ అన్న మాట కంటబడిందట. ఈ రోజు ప్రపంచమంతా ఎరిగిన ఊరి పేరు అలా దొరికింది. బ్యాట్‌మ్యాన్ సహచరుడు రాబిన్, ప్రత్యర్థులు జోకర్, క్యాట్‌వుమన్ పాత్రల పుట్టుకలోనూ ఆయన చెయ్యి ఉంది.

బొమ్మల కథ రాయడమంటే సంభాషణలు రాసి ఇవ్వడం ఒక్కటే అని చాలామంది అనుకుంటారు. పేజీని ఎన్ని గడులు చెయ్యాలి, ఏ గడిలో ఎవరు ఎక్కడ నిలబడాలి, ఏ మాట ఏ బుడగలో పడాలి, పేజీ తిప్పే ముందు ఏ చిత్రం దగ్గర పాఠకుడి గుండె ఆగాలి, ఇదంతా రచయిత ముందుగా కళ్లకు కట్టుకుని కాగితం మీద పెట్టాలి. ఫింగర్ ఈ పనిలో ఆరితేరినవారు. వింత వింత విషయాలు ఎక్కడ చదివినా నోటు పుస్తకాల్లో ఎక్కించుకునేవారు. చిత్రకారుడు తడుముకోకుండా ఉండాలని పత్రికల్లోంచి కత్తిరించిన ఫొటోలను స్క్రిప్టుకు జతచేసి ఇచ్చేవారు. ఇంత ఓపికగా పనిచేసేవారు కాబట్టే ఆలస్యమయ్యేది. గడువుకు ఇవ్వడం లేదని సంపాదకులు విసుక్కునేవారు. డబ్బుకు ఎప్పుడూ కటకటే.

ఫింగర్‌ను కేన్ కూలికి రాయించుకున్నారు. ప్రచురణ సంస్థతో ఒప్పందం చేసుకునేటప్పుడు తన పేరు ఒక్కటే పడేలా చూసుకున్నారు. పాతికేళ్ల పాటు ఫింగర్ రాసిన కథల మీద కేన్ సంతకమే అచ్చయింది. 1965లో జెర్రీ బెయిల్స్ అనే అభిమాని ఫింగర్‌ను కలిసి అసలు విషయం రాస్తే, కేన్ దాన్ని ఖండిస్తూ బహిరంగ లేఖ రాశారు. ఫింగర్ బతికుండగా తెర మీద బ్యాట్‌మ్యాన్ రచయితగా ఆయన పేరు పడింది 1966 నాటి టీవీ ధారావాహికలో, మిత్రుడు చార్లెస్ సింక్లెయిర్‌తో కలిసి రాసిన ఒక రెండు భాగాల కథకు మాత్రమే. 1974 జనవరిలో, 59 ఏళ్ల వయసులో, న్యూయార్క్‌లోని తన ఇంట్లో ఒంటరిగా కన్నుమూశారు. సూపర్‌మ్యాన్‌ను సృష్టించిన జెర్రీ సీగెల్, జో షుస్టర్‌లు తమ పేర్లను, పింఛనును పోరాడి సాధించుకున్నది ఆ మరుసటి ఏడాది, 1975లో. ఆ ఒక్క ఏడాది తేడా తలచుకుంటే మనసు కలుక్కుమంటుంది.

ఫింగర్‌కు దక్కవలసిన గుర్తింపు దక్కలేదని కేన్ ఒప్పుకునేనాటికి ఫింగర్ పోయి పదిహేనేళ్లు అయింది. మార్క్ టైలర్ నోబుల్‌మన్ అనే రచయిత ఏళ్ల తరబడి వెతికి ఫింగర్ మనవరాలు అథీనా జాడ తెలుసుకున్నారు. వారిద్దరి పట్టుదల ఫలించి, 2015 సెప్టెంబరులో ప్రచురణ సంస్థ ఫింగర్ పేరు వేయడానికి అంగీకరించింది. అప్పటి నుంచి సినిమాల్లో, టీవీ ధారావాహికల్లో కేన్ పేరుతో పాటు ఆయన పేరూ వస్తోంది. 2017లో బ్రాంక్స్‌లో, కేన్, ఫింగర్ కూర్చుని కథలు ఆలోచించుకున్న పో పార్కు పక్క వీధికి బిల్ ఫింగర్ పేరు పెట్టారు.

ఎక్కడో అమెరికా రచయిత గురించి ఇంత బాధ దేనికని మీ పాఠకులు అడగవచ్చు. నా దగ్గర బైండు చేయించిన పాత చందమామలు ఉన్నాయి. ‘జ్వాలాద్వీపం’, ‘రాకాసిలోయ’, ‘పాతాళదుర్గం’ చదువుతూ మా తరం పెరిగింది. బొమ్మ మూల చిత్రా గారి సంతకం ఉండేది. రాసినవారి పేరు కోసం చిన్నప్పుడు పేజీ పైనా కిందా ఎంత వెతికినా కనబడేది కాదు. ఆ ధారావాహికలు రాసినది దాసరి సుబ్రహ్మణ్యం గారని తెలిసేసరికి నాకు నడివయసు వచ్చింది. చందమామలో పేరు వేయకపోవడం పత్రిక పద్ధతి, న్యూయార్క్‌లో జరిగింది ఒప్పందంలోని అన్యాయం. రెంటినీ ఒకే గాటన కట్టను. కానీ తనకు ఇష్టమైన కథ రాసినదెవరో తెలియకుండా పెరిగిన పిల్లవాడికి కలిగే లోటు మాత్రం ఒకటే.

మీ వ్యాసం చదివాక ఎనిమిదో తరగతి చదివే ఒక అమ్మాయి, "తాతగారూ, బొమ్మ ఆయన గీశారు సరే, కథెవరు రాశారు?" అని అడిగింది. అనుబంధంలో జవాబు లేదు. దయచేసి వచ్చే ఆదివారం సవరణ వేసి, బ్యాట్‌మ్యాన్‌ను బాబ్ కేన్, బిల్ ఫింగర్ కలిసి సృష్టించారని స్పష్టంగా ప్రచురించగలరు. ఆ కాగితం కత్తిరించి మా గ్రంథాలయం గోడకు అంటిస్తానని ఆ అమ్మాయికి మాట ఇచ్చాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు, తెనాలి