డీజే బండి మీద కుర్రాడి చెవులకు పూచీ ఎవరిది?

సంపాదకుడి గారికి,

నమస్కారం. పెళ్లిళ్ల సీజన్ మొదలైనా, వినాయక నిమజ్జనం దగ్గరపడినా డీజే మోత గురించి పత్రికల్లో వార్తలు వస్తూనే ఉంటాయి. గుండెజబ్బు ఉన్నవాళ్లు, చంటిపిల్లలు, పరీక్షలకు చదువుకునేవాళ్లు పడే అవస్థ రాస్తారు. రాయాల్సిందే. కానీ ఆ బాక్సులకు అందరికన్నా దగ్గరగా ఉండేవాళ్ల గురించి ఒక్క ముక్క కూడా నా కంటపడలేదు. డీజే ఆపరేటరు, జనరేటర్ చూసుకునే కుర్రాడు, ముందు నడిచే బ్యాండ్ మేళం వాళ్లు, డప్పు కళాకారులు. ఈ ఉత్తరం వాళ్ల చెవుల గురించి.

పెద్ద శబ్దాన్నే నమ్ముకుని పైకొచ్చిన కళాకారుడికి ఏమవుతుందో చెప్పడానికి బ్రిటిష్ గిటారిస్టు పీట్ టౌన్‌షెండ్ జీవితం చాలు. ఆయన 1945లో లండన్‌లో సంగీతకారుల ఇంట్లో పుట్టారు. తండ్రి శాక్సఫోన్ వాయించేవారు, తల్లి గాయని. 'ది హూ' బృందం పాటల్లో ఎక్కువ భాగం రాసి బాణీ కట్టింది ఈయనే. 1969లో వచ్చిన వాళ్ల ఆల్బమ్ 'టామీ' ఒక కథను మొదటి నుంచి చివరి వరకు రాక్ పాటల్లోనే చెప్పింది. చూపు, వినికిడి, మాట మూడూ పోయిన పిల్లాడి కథ అది. అదే తర్వాత నాటకంగా న్యూయార్క్‌లో పెద్ద నాటకాలు ఆడే బ్రాడ్‌వేకి వెళ్లి, 1993లో ఆయనకు అక్కడి నాటకాలకిచ్చే టోనీ అవార్డు తెచ్చిపెట్టింది.

ఆ బృందానికి పాటలతో ఎంత పేరొచ్చిందో మోతతోనూ అంతే వచ్చింది. 1960ల్లో పశ్చిమ లండన్‌లో జిమ్ మార్షల్ అనే ఆయనకు వాద్యపరికరాల దుకాణం ఉండేది. టౌన్‌షెండ్, బాస్ గిటారిస్టు జాన్ ఎంట్‌విజిల్ ఆయన దగ్గరికి వెళ్లి ఇంకా పెద్ద ఆంప్లిఫయర్ కావాలన్నారు. డ్రమ్స్‌ను, ఎదురుగా అరిచే జనాన్ని మించి తమ వాయిద్యం వినపడాలన్నది వాళ్ల పట్టుదల. మార్షల్ 100 వాట్ల ఆంప్లిఫయర్ చేసిచ్చారు. ఎనిమిది స్పీకర్లతో చేసిన పెట్టె మోయలేక సామాను మోసేవాళ్లు మొత్తుకుంటే, దాన్ని రెండుగా చేసి ఒకదానిమీద ఒకటి పెట్టారు. రాక్ కచేరీల్లో వేదిక వెనక బీరువాల్లా నిలబడే నల్లటి బాక్సులు అలా పుట్టినవే. 1976 మే 31న లండన్‌లోని చార్ల్‌టన్ ఫుట్‌బాల్ మైదానంలో వీళ్ల కచేరీ శబ్దం స్పీకర్లకు 32 మీటర్ల దూరంలోనే 126 డెసిబెల్స్ ఉంది. అత్యంత పెద్ద శబ్దం చేసిన బృందంగా గిన్నిస్ పుస్తకంలోకి ఎక్కారు. చెవులు పాడుచేసుకోవడానికి పోటీ పెట్టినట్టు అవుతుందని గిన్నిస్ వాళ్లు తర్వాత ఆ విభాగాన్నే ఎత్తేశారు.

వేదిక మీద ఉన్నవాళ్లు 32 మీటర్ల దూరంలో లేరు కదా. టౌన్‌షెండ్‌కు వినికిడి తగ్గింది, చెవుల్లో ఎడతెగని హోరు పట్టుకుంది. వైద్యులు టిన్నిటస్ అంటారు దాన్ని. 1989లో బృందం మళ్లీ పర్యటనకు బయల్దేరినప్పుడు ఆయన చాలావరకు కరెంటు అక్కర్లేని అకూస్టిక్ గిటార్‌తోనే సరిపెట్టుకోవాల్సి వచ్చింది. చేతిని గాలిమరలా తిప్పుతూ ఎలక్ట్రిక్ గిటార్ మోగించిన మనిషి! తన వినికిడి పాడవడానికి వేదిక కన్నా స్టూడియోలో గంటల తరబడి పెట్టుకున్న హెడ్‌ఫోన్లే పెద్ద కారణమని ఆయన తర్వాత రాసి, ఇయర్‌ఫోన్లు వాడే పిల్లలను హెచ్చరించారు. మన ఇళ్లలో పిల్లల చెవుల్లో ఇప్పుడు రాత్రీపగలూ ఉండేవి అవే.

నేను ఆయన్ను గౌరవించేది పాటలకు మాత్రమే కాదు. తన చెవుడు దాచుకోలేదు. అమెరికాలో సంగీతకారుల వినికిడి కోసం ఒక సంస్థ మొదలైన కొత్తలోనే డబ్బు సాయం చేసి, తన పేరూ అనుభవమూ ఆ పనికి ఇచ్చారు. మా కొవ్వూరు వైపు ఆయన పేరు తెలిసినవాళ్లు తక్కువే గానీ, ఆయన గురువు పేరు చాలా ఇళ్లలో తెలుసు. టౌన్‌షెండ్ మెహెర్ బాబా భక్తుడు. 1971 నాటి ఆయన ప్రసిద్ధ పాట 'బాబా ఓ రైలీ' పేరులో ఉన్న బాబా ఆ మెహెర్ బాబానే. 1972లో మహారాష్ట్రలోని అహ్మద్‌నగర్ దగ్గర, బాబా సమాధి ఉన్న మెహెరాబాద్‌కు కూడా వచ్చి వెళ్లారు. 1925 నుంచి కన్నుమూసేదాకా మౌనం పాటించిన గురువుకు, ప్రపంచంలోకెల్లా పెద్ద మోత మోగించిన శిష్యుడు!

ఇక మన వీధిలోకి వద్దాం. ఈ మధ్య మా ఇంటి ముందు నుంచి ఒక ఊరేగింపు వెళ్లింది. వ్యాన్‌లో రెండు వరుసల బాక్సులు, వాటి వెనక సందులో ల్యాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని ఇరవై ఏళ్లు కూడా ఉండని కుర్రాడు. చెవిలో కనీసం దూది లేదు. బండి ఆగి పాట ఆపాక, మంచినీళ్లు తాగుతావా బాబూ అని అడిగితే రెండుసార్లు "ఆఁ?" అన్నాడు. నేను గొంతు పెంచాకే తలూపాడు. శబ్దం ఆగాక కాసేపు చెవులు దిమ్మెక్కి ఉండటం చెవి ఇచ్చే మొదటి హెచ్చరిక. లోపలి చెవిలో శబ్దాన్ని పట్టే సన్నటి రోమ కణాలు ఉంటాయి. ఒక్కో చెవికి సుమారు 15 వేలు. అవి చస్తే మళ్లీ పుట్టవు. 85 డెసిబెల్స్ శబ్దాన్ని 8 గంటలు తట్టుకోవచ్చంటారు. అక్కణ్నుంచి మూడు డెసిబెల్స్ పెరిగినప్పుడల్లా ఆ సమయం సగానికి పడిపోతుంది. 100 దగ్గర పావుగంటే. ఆ కుర్రాడు బండి మీద కూర్చునేది పావుగంట కాదు, పూట.

మనకు శబ్ద కాలుష్య నిబంధనలు 2000 నుంచీ ఉన్నాయి. నివాస ప్రాంతాల్లో పగలు 55, రాత్రి 45 డెసిబెల్స్, రాత్రి 10 దాటితే మైకులు బంద్. 2024లో హైదరాబాద్ పోలీసులు మతపరమైన ఊరేగింపుల్లో డీజేలను నిషేధించారు కూడా. ఇవన్నీ చుట్టుపక్కలవాళ్ల కోసం. ఫ్యాక్టరీ కార్మికుడి చెవుడును ఫ్యాక్టరీల చట్టం వృత్తి వ్యాధిగా గుర్తిస్తుంది. బండి మీద కుర్రాడు ఏ ఫ్యాక్టరీలోనూ లేడు కాబట్టి ఆ రక్షణ వాడిదాకా రాదు. బ్రిటన్‌లో పని ప్రదేశాల్లో శబ్దంపై 2005 నాటి నిబంధనలు 2008 నుంచి సంగీత, వినోద రంగానికీ వర్తిస్తున్నాయి. లండన్ రాయల్ ఒపేరా హౌస్‌లో రిహార్సల్ శబ్దానికి వినికిడి దెబ్బతిన్న వయోలా (వయోలిన్ లాంటి వాద్యం) కళాకారుడు ఆ నిబంధనల ఆధారంగానే 2018లో హైకోర్టులో గెలిచాడు. సంగీతమన్నాక శబ్దం తప్పదన్న వాదనకు కోర్టు ఒప్పుకోలేదు.

మన దగ్గర అంతదాకా వెళ్లక్కర్లేకుండానే చేయగలిగిన పనులున్నాయి. ఊరేగింపుకి అనుమతి ఇచ్చే కాగితంలో, బండి మీద పనిచేసే ప్రతి ఒక్కరికీ ఇయర్ ప్లగ్స్ ఇవ్వాలన్న షరతు ఒక్క లైను చేరిస్తే చాలు. అవి పెద్ద ఖరీదైనవి కావు, కిరాయి మాట్లాడుకునేవాళ్లకు ఆ ఖర్చు లెక్కలోకే రాదు. చెవుడు నివారణకు జాతీయ కార్యక్రమం ఎలాగూ ఉంది. సీజన్‌కు ముందు బ్యాండ్ మేళాల వాళ్లకు, డప్పు కళాకారులకు, డీజే కుర్రాళ్లకు ఏరియా ఆసుపత్రుల్లో ఉచితంగా వినికిడి పరీక్ష చేయించాలని రెండు రాష్ట్రాల వైద్య ఆరోగ్య శాఖలను కోరుతున్నాను. మీ విలేకరులు కూడా ఈసారి డీజే వార్త రాసేటప్పుడు ఆ బండి ఎక్కి, అక్కడ కూర్చున్నవాడితో మాట్లాడి రాయాలని మనవి.

ఇట్లు,
ఒక పాఠకురాలు,
కొవ్వూరు, తూర్పుగోదావరి జిల్లా