ఈ దసరాకు మా దగ్గర ప్రింటు చీరలు ఉండవు

అక్కలకు, అమ్మలకు నమస్కారం. పోచంపల్లి నుంచి రాస్తున్నాను. పోయిన దసరాకు మా షాపులో ఇక్కత్ (దారాలకు ముందే రంగులు వేసి నేసే చీర) డిజైన్‌ను గుడ్డ మీద అచ్చువేసిన ప్రింటు చీరలు కొన్నవాళ్లు మీలో చాలామంది ఉన్నారు. ఈసారి అవి తెప్పించడం లేదు. కారణం మీకు చెప్పాలనిపించింది.

ప్రింటు అని చెప్పే అమ్మాను, ఎవరినీ మోసం చేయలేదు. తొందరగా పోయాయి, కొంత అప్పు కూడా తీరింది. కానీ ఆ నెలన్నర నేను చేసిందల్లా కట్టలు విప్పడం, బిల్లు రాయడం. ఎవరైనా చీర పట్టుకుని "అంచు భలే కుదిరింది" అంటే ఏం చెప్పాలో తోచేది కాదు. అందులో నా చెయ్యి లేదు. వెనక గదిలో నాన్న మగ్గం ఖాళీగా ఉండేది. రాత్రిళ్లు నిద్ర పట్టేది కాదు.

మిషన్ మీద నాకు కోపం లేదు. మా అమ్మ ఆసు పోసేది. ఒక్క చీరకు కొయ్యల చుట్టూ దారం తిప్పుతూ దాదాపు 9,000 సార్లు చెయ్యి ఆడించాలి. సాయంత్రానికి భుజం లేచేది కాదు. ఆలేరు ప్రాంతపు చింతకింది మల్లేశం గారు తన తల్లి పడే ఈ బాధ చూడలేకే 1999లో ఆసు యంత్రం తయారుచేసి, ఆమె పేరుతో లక్ష్మీ ఆసు యంత్రం అన్నారు. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఆ యంత్రం మా ఇంటికి వచ్చిన రోజు అమ్మ కళ్లనీళ్లు పెట్టుకుంది. నొప్పి పోయింది, పని మాత్రం మా దగ్గరే ఉంది. చిటికి (రంగు అంటకుండా దారానికి వేసే కట్టు) ఎక్కడ కట్టాలి, ఏ రంగులో ముందు ముంచాలి, నేసేటప్పుడు పువ్వు పక్కకు జరిగితే పేకను (అడ్డదారాన్ని) ఎంత లాగాలి, ఇవన్నీ ఇప్పటికీ మేమే చూసుకోవాలి. ప్రింటు చీరలో ఇవేవీ మాకు మిగలవు.

అందుకే ఇప్పుడు పొద్దున ఆరు నుంచి పది దాకా నేనే మగ్గం మీద కూర్చుంటున్నాను. షాపు పదకొండుకు తెరుస్తాను. మాతో నేసే ఒకాయన హైదరాబాద్‌లో సెక్యూరిటీ ఉద్యోగానికి వెళ్లిపోయాడు. నెలనెలా జీతం వస్తుంది కదా, తప్పు పట్టలేను. మిగిలినవాళ్లు ఉండాలంటే కూలి పెంచాలి కాబట్టి ఒక్కో చీర మీద 500 రూపాయలు పెంచుతున్నాను. ఆ డబ్బు వాళ్లకే. ఆర్డర్‌కు ఐదు వారాలు పడుతుంది.

చీర అందాక తిప్పి చూడండి, రెండు వైపులా రంగు ఒకేలా ఉంటుంది.

ఇప్పుడు మగ్గం మీద ముదురు ఎరుపు పడుగు (నిలువు దారాలు) ఉంది. పేక రంగు ఇంకా అనుకోలేదు. బతుకమ్మకు కావాలనుకునేవాళ్లు ఈ వారంలో చెబితే మీరు కోరిన రంగే వేస్తాను.