పేము బుట్టే గుర్రబ్బండి

బెంగళూరు,
ఆదివారం మధ్యాహ్నం

ఒరేయ్ శేషూ,

ఇంత లావు కవరు చూసి శుభలేఖ అనుకునేవు. కాదు. ముందు వాట్సాప్‌లోనే మొదలుపెట్టాను. నాలుగు వాయిస్ మెసేజ్‌లయినా సగం విషయం రాలేదు. పైగా నువ్వు నా గొంతు రెండింతల స్పీడులో పెట్టుకుని వింటావని మీ ఆవిడ మా ఆవిడతో చెప్పేసింది. అందుకని కాగితం మీదకి దిగాను. తీరిగ్గా చదువు, చివర్లో నీతో పనుంది.

ఓ దయ్యం నాటకం నన్ను పట్టుకుందిరా. వేపమండలతో కొట్టినా వదిలేలా లేదు. పేరు 'ది ఉమన్ ఇన్ బ్లాక్'. 2019లో ప్రాజెక్టు పని మీద మూడు నెలలు లండన్‌లో ఉన్నాను కదా, అప్పుడు చూశాను. నీకు చెప్పే ఉంటాను, నువ్వు వినే ఉండవు. ఫార్చ్యూన్ థియేటర్ అని, 432 సీట్ల బుల్లి హాలు. ఎదురుగా డ్రూరీ లేన్ రాయల్ థియేటర్ ఏనుగులా కూర్చుని ఉంటుంది. దానికి సొంత దయ్యం ఒకటి ఉందట, బూడిదరంగు దుస్తుల్లో పట్టపగలే బాల్కనీలో తిరుగుతాడని చెప్పుకుంటారు. అంటే ఆ వీధిలో ఒక దయ్యం టికెట్టు మీద, ఒకటి ఉచితం.

నా వెనక వరసలో స్కూలు పిల్లలు. ఇంగ్లండులో ఈ నాటకం డ్రామా సిలబస్‌లో ఉండేది కాబట్టి టీచర్లు బస్సుల్లో తోలుకొచ్చేవాళ్ళు. మొదటి పావుగంట వాళ్ళ నవ్వులూ చిప్స్ ప్యాకెట్ల చప్పుడూ తప్ప నాకేమీ వినబడలేదు. స్టేజీ మీద చూస్తే ఏముంది? ఓ పేము బుట్ట, మూత ఉన్నది, మన అమ్మమ్మలు బట్టలు పెట్టుకునేదాని అన్న లాంటిది. ఓ కుర్చీ. బట్టలు తగిలించిన ఓ స్టాండు. ఇద్దరు మనుషులు. 'ఇంత డబ్బు పెట్టి ఈ గోదామునా చూడ్డానికొచ్చింది' అనుకున్నాను. గంట తిరిగేసరికి వెనకసీటు అమ్మాయి నా చొక్కా కాలర్ పట్టుకుని ఉంది. ఎప్పుడు పట్టుకుందో ఆ అమ్మాయికీ తెలీదు, నాకూ తెలీదు.

కథ క్లుప్తంగా చెప్తాను. ఆర్థర్ కిప్స్ అని ఓ ముసలి లాయరు. వయసులో ఉండగా ఓ ముసలావిడ చనిపోతే ఆవిడ కాగితాలు సర్దడానికి చిత్తడినేలల మధ్య ఉన్న ఒంటరి ఇంటికి వెళ్ళాడు. సముద్రం పోటెత్తితే ఆ ఇంటికి దారే ఉండదు. అక్కడ నల్లబట్టల్లో ఓ ఆవిడ కనబడింది. ఆవిడ కనబడితే ఆ చుట్టుపక్కల ఎవరో ఒక పసిబిడ్డ పోతుంది. ఈ గుబులు దించుకోవడానికి ఆయన కథంతా రాసుకుని, ఖాళీ థియేటర్లో ఓ కుర్ర నటుడి దగ్గరికొస్తాడు, నా వాళ్ళకి ఇది చదివి వినిపించడం నేర్పమని. ఈయనకి నటన రాదు, గొణుగుతాడు. చివరికి కుర్రవాడే వయసులో ఉన్న లాయరవుతాడు, ముసలాయన మిగతా వేషాలన్నీ వేస్తాడు: బండివాడు, సత్రం ఆసామి, ఊరి పెద్దమనిషి, అందరూ. కోటు మారిస్తే ఒకడు, కళ్ళద్దాలు పెడితే ఇంకొకడు. ముగింపు మాత్రం చెప్పను. స్క్రిప్టు పంపుతున్నాను, పగలే చదువు.

అసలు నేను చెప్పాలనుకున్నది ఇది ఎలా పుట్టిందన్న సంగతి. సూజన్ హిల్ 1983లో రాసిన చిన్న నవల. స్కార్‌బరో అని యార్క్‌షైర్‌లో సముద్రం ఒడ్డు ఊరు. అక్కడ స్టీఫెన్ జోసెఫ్ థియేటర్‌ని నడిపే అలన్ ఐక్‌బోర్న్ లండన్ నేషనల్ థియేటర్ పనిమీద సెలవు పెట్టి వెళ్తే, రాబిన్ హెర్‌ఫర్డ్ అనే ఆయన చూసుకుంటున్నాడు. 1987 క్రిస్మస్ వస్తోంది. ఆ ఏటి డబ్బుల్లో కాస్త మిగిలింది. దాంతో ఓ దయ్యం నాటకం చేద్దామని స్టీఫెన్ మాలట్రాట్ అనే రచయితని అడిగాడు. షరతేంటంటే నటులు నలుగురు మించకూడదు, ఇచ్చుకోలేను అని. నవల్లో చూస్తే డజనుకి పైగా మనుషులు, గుర్రం, బండి, కుక్క, పొగమంచు, రైలు. మాలట్రాట్ వెళ్ళి నలుగురెందుకు, ఇద్దరు చాలు అని రాసుకొచ్చాడు. ఆడింది ఎక్కడనుకున్నావు? పెద్ద స్టేజీ మీద కాదురా, థియేటర్ బార్‌లో. నూరుమంది కూడా పట్టని జాగా.

ఇది చదివినప్పుడు నాకు మన కాలేజీ గుర్తొచ్చింది. పరిషత్తు నాటకానికి సెట్టు డబ్బులు చాలక, నువ్వు హాస్టల్ మెస్‌లోంచి రెండు బెంచీలు ఎత్తుకొచ్చి 'ఇది జమీందారు మేడ' అన్నావు. జడ్జి ఒప్పుకోలేదనుకో. కానీ ఐడియా అదే కదా! ఆ పేము బుట్టే వాళ్ళకి లాయరాఫీసు బల్ల, అదే రైలుపెట్టె, అదే మంచం, మూత మీద ఇద్దరూ పక్కపక్కన ఎక్కి ఊగితే అదే గుర్రబ్బండి. డబ్బుండి ఉంటే పాపం నిజం గుర్రం కోసం వెతుక్కునేవాళ్ళేమో.

లండన్‌కి వచ్చాక కూడా నిలకడ లేదు. 1989 జనవరిలో హామర్‌స్మిత్‌లోని లిరిక్‌లో మొదలు, తర్వాత స్ట్రాండ్, తర్వాత ప్లేహౌస్, జూన్‌లో ఫార్చ్యూన్. ఆరు నెలల్లో నాలుగిళ్ళు, బెంగళూరులో నేను కొత్తగా వచ్చినప్పటిలాగా. నాలుగో ఇంట్లో మాత్రం దిగబడిపోయింది. 2020లో కరోనాకి తలుపులు మూసి, 2021లో మళ్ళీ తెరిచి, 2023 మార్చి 4న దించారు. మొత్తం 13,232 ఆటలు. పాటలు లేని నాటకాల్లో వెస్ట్ ఎండ్‌లో, అంటే లండన్ నాటకశాలల పేటలో, దీనికంటే ఎక్కువ ఆడింది 1952 నుంచీ నడుస్తున్న 'ది మౌస్‌ట్రాప్' ఒక్కటే. మాలట్రాట్ 2004లోనే పోయాడు, ఆఖరాట చూడలేదు. మెక్సికోలో 1994 నుంచి ఏళ్ళ తరబడి ఆడింది. అక్కడ ముసలి లాయరు వేషం కట్టినవాళ్ళలో హెర్మాన్ రోబ్లెస్ ఒకడు. కుర్రతనంలో సినిమాలో రక్తపిశాచిగా పేరు తెచ్చుకున్న నటుడు. పిశాచిగా జనాన్ని జడిపించినవాడు వయసు మళ్ళాక దయ్యాన్ని చూసి జడుసుకునే వేషం వేశాడంటే, కర్మసిద్ధాంతం మెక్సికోలో కూడా పనిచేస్తుందన్నమాట.

మన సురభి వాళ్ళతో పోల్చి చూడు. 1885లో కడప జిల్లా సురభిలో కీచకవధతో మొదలెట్టినవాళ్ళు. మాయాబజార్ ఆడితే కళ్ళముందే అన్నీ జరిగిపోవాల్సిందే. నారదుడు మబ్బుల్లోంచి దిగాల్సిందే, బాణాలు గాల్లో ఢీకొనాల్సిందే, ఘటోత్కచుడు గాల్లో తేలాల్సిందే. ఆ తీగలు ఎక్కడున్నాయో వెతుక్కుంటూ నేను చిన్నప్పుడు కథ సగం వదిలేసేవాణ్ణి. ఈ నాటకంలో చూపించేది గుప్పెడు, మిగతాది నీ బుర్ర మీద వదిలేస్తారు. నా ఓటు మాత్రం ఇప్పటికీ సురభికేరా, ఆ సరదా వేరు. కానీ అపార్ట్‌మెంటు క్లబ్‌హౌస్‌లో ఘటోత్కచుణ్ణి ఎగరేస్తే అసోసియేషన్ వాళ్ళు ఊరుకోరు.

అవును, క్లబ్‌హౌస్‌లోనే. మేం ఎనిమిదిమందిమి, అందరం తెలుగువాళ్ళమే, శనివారాలు కలుస్తున్నాం. దాన్ని తెలుగులోకి నేనే తిప్పుతున్నాను. హక్కులున్నవాళ్ళకి అనుమతి కోసం రాశాం. జవాబు వచ్చేదాకా మాలో మేం చదువుకోవడమే, టికెట్టు లేదు, బోర్డు లేదు. ఒకడు వయ్యాలికావల్‌లో తెలుగు విజ్ఞాన సమితి హాల్లో వేద్దామంటాడు, ఇంకొకడు జె.పి. నగర్ రంగశంకర అంటాడు. రంగశంకర సంగతి నీకు తెలుసుగా, కన్నడ నటుడు శంకర్ నాగ్ పేరు మీద ఆయన భార్య అరుంధతి నాగ్ కట్టించింది, 2004లో తెరిచారు. టైమయ్యాక ఎవరొచ్చినా తలుపు తియ్యరు. ఈ ట్రాఫిక్‌లో నేను రెండు గంటలు ముందు బయల్దేరి, అక్కడ అక్కిరొట్టె తింటూ కూర్చుంటాను. దయ్యం నాటకానికి ఆ పద్ధతే కావాలి. నల్లావిడ వచ్చే టైముకి ఎవడో ఫోను లైటు వేసుకుని 'ఎఫ్ పన్నెండెక్కడండీ' అని వస్తే ఇంకేముంది!

మొదటిసారి నలుగురిని కూర్చోబెట్టి చదివినరోజు ఏమైందో విను. మంచు, చీకటి, దూరంగా గుర్రబ్బండి చప్పుడు, బురదలో దిగబడిపోతున్న బండి, పిల్లాడి కేక. ఈ నాటకానికి ప్రాణం ఆ చప్పుడే, బండి స్టేజీ మీదకి రాదు. మా సౌండు కుర్రాడు లాప్‌టాప్ నొక్కాడు. గుర్రపు డెక్కల ముందు వేరుశెనగ నూనె ప్రకటన వచ్చింది, పాటతో సహా. స్కిప్ బటన్ కోసం అయిదు సెకన్లు ఆగాలి కదా, ఆ అయిదు సెకన్లూ నేను భయపడుతున్న ముఖం పెట్టుకుని నిలబడ్డాను. ఆ దెబ్బతో మొత్తం మానేసి, రెండు కొబ్బరిచిప్పలు, చీపురుతో తోమిన గ్రానైటు పలక, తడి గోనెసంచి తెచ్చుకున్నాం. చిప్పల్ని పలక మీద కొడితే రోడ్డు, గోనె మీద కొడితే బురద. ఒట్టు, అది విని నాకు మన స్టేషన్ దగ్గర జట్కాలు గుర్తొచ్చాయి. అందుకే అనువాదంలో జట్కా అనే పెట్టాను.

కుక్క సంగతి చెప్పాలి. నాటకంలో స్పైడర్ అనే కుక్క ఉంటుంది, అంటే ఉండదు. నటుడు వంగి నిమురుతాడు, పిలుస్తాడు, అంతే. రిహార్సల్‌కి పక్క ఫ్లాటు పాప వస్తుంది, అయిదేళ్ళది. మొదటిరోజు 'కుక్క ఏదంకుల్?' అంది. లేదమ్మా, ఉన్నట్టు అనుకోవాలి అన్నాను. రెండోవారం నేను డైలాగు గుర్తుతెచ్చుకుంటూ అటు నడిచాను. 'అంకుల్, తోక తొక్కారు' అంది, చాలా కోపంగా. సారీ చెప్పి పక్కకి జరిగాను. సాయంత్రం వెళ్ళేటప్పుడు దానికి బిస్కెట్టు కూడా పెట్టి వెళ్ళింది. ఆ బిస్కెట్టు తియ్యడానికి ఎవరికీ చెయ్యి రాలేదు, మర్నాడు ఊడ్చే ఆవిడ తీసింది.

ఇక తెర. వాళ్ళకి వెనకవైపు పల్చటి తెర ఒకటుంటుంది. ముందునుంచి లైటు పడితే గోడలా ఉంటుంది, ముందు లైటు ఆర్పి వెనక వెలిగిస్తే తెర మాయమై లోపలి గది కనబడుతుంది. నేను మా ఇంట్లో దోమతెరతో చేసి చూశాను. హాల్లో కట్టి, ముందు టార్చి పెట్టాను. తెల్లగోడ. మా ఆవిణ్ణి నల్లకొంగు కప్పుకుని వెనక నిలబడమన్నాను. 'కూర మాడుతోంది, రెండు నిమిషాలే' అంటూ నిలబడింది. నా టార్చి ఆర్పి, ఆవిడ కాళ్ళ దగ్గర పెట్టిన టార్చి వెలిగించాను. ఒరేయ్, పాతికేళ్ళ నుంచీ చూస్తున్న ముఖంరా! పెట్టింది నేనే, వెలిగించింది నేనే. అయినా రెండడుగులు వెనక్కేశాను. ఆవిడ మాత్రం 'అయిందా?' అని వంటింట్లోకి వెళ్ళిపోయింది. వేషం ఆవిడదే అని ఆ క్షణమే ఖాయం చేశాను. ఆవిడకి డైలాగుల్లేవు, అదొక్కటే ఇబ్బంది అంటోంది.

మా ఓనరుగారు కన్నడాయన, వచ్చి ఓ రిహార్సల్ చూశారు. మీరు లండన్‌దాకా ఎందుకండీ అన్నారు. తొంభైల్లో ఇక్కడ రాత్రుళ్ళు ఓ ఆడమనిషి తెలిసినవాళ్ళ గొంతుతో తలుపు కొడుతుందని పుకారు పుడితే, వీధివీధంతా తలుపుల మీద 'నాళె బా' అని రాసుకున్నారట. మనూళ్ళో 'ఓ స్త్రీ రేపు రా' అని సుద్దతో రాయలేదూ, అదే. వాళ్ళమ్మ వర్షం వచ్చినప్పుడల్లా మళ్ళీ దిద్దేదట. దయ్యానికి చదువొచ్చనీ, కన్నడం వచ్చనీ, పైగా మాట మీద నిలబడుతుందనీ ఆవిడ ధైర్యం. పాంప్లెట్ వేస్తే అట్టమీద ఆ మాట పెట్టమని ఆయన సలహా. నాకు నచ్చింది.

ఇంతకీ పని. ముసలి లాయరు వేషానికి మనిషి దొరకలేదురా. ఇక్కడ అందరూ బాగా చదువుతున్నారు, అదే చిక్కు. ఆ మనిషి మొదటి అంకంలో ఘోరంగా నటించాలి. నటించడం రాక గొణగాలి, కాగితం వెనక దాక్కోవాలి, తర్వాత మెల్లిమెల్లిగా మనకి తెలీకుండా ఆరేడు మనుషులైపోవాలి. మన బళ్ళారి రాఘవ లాయరయ్యుండి మహానటుడు కాబట్టి ఆయనకీ ఇది కష్టమయ్యేదేమో. నువ్వు పరిషత్తులో డైలాగు మరిచిపోయి ఒక నిమిషంపాటు దూలం వైపు చూస్తూ నిలబడితే, వెనకబెంచీవాళ్ళు 'ఆహా ఏం మౌనం' అన్నారు చూడు, ఆ నిమిషం నాకు కావాలి. పొగుడుతున్నానో తిడుతున్నానో నువ్వే తేల్చుకో.

నెలకి రెండు శనివారాలు. రాత్రి బండెక్కితే పొద్దున్నకి ఇక్కడుంటావు, స్టేషన్‌కి నేనొస్తాను. అనుమతి రాకపోయినా ఫర్వాలేదు, మనలో మనం చదువుకుందాం. వచ్చేటప్పుడు మీ అమ్మగారి పేము బుట్ట, అటక మీద ఉండేది, మూత విరగనిది, అది తీసుకురా. ఇక్కడ అంతా ప్లాస్టిక్కే. ఇద్దరం ఎక్కి కూర్చుంటే ఆగుతుందో లేదో ముందు అక్కడే నువ్వొక్కడివీ కూర్చుని చూసి ఫోన్ చెయ్యి. నీ బరువాపితే నాదీ ఆపుతుంది.

అమ్మగారికి నమస్కారాలు. చెల్లెమ్మకి, నీ వాయిస్ మెసేజ్ రహస్యం బయటపెట్టినందుకు ప్రత్యేకంగా థాంక్స్ చెప్పు.

నీ
ప్రసాదు