తలకోన అడవిని చూపించిన మార్గదర్శి గారికి కృతజ్ఞతలు

గుంటూరు బ్రాడీపేట నుంచి వెళ్లిన మా కుటుంబాలను శేషాచలం కొండల్లోని శ్రీ వేంకటేశ్వర జాతీయ ఉద్యానవనంలో, తలకోన దారుల వెంట పగలంతా నడిపించిన స్థానిక మార్గదర్శి గారికి మా అందరి తరఫున హృదయపూర్వక కృతజ్ఞతలు తెలియజేస్తున్నాను. పేరు రాయవద్దని వారు కోరారు.

సుమారు 270 అడుగుల జలపాతాన్ని చూసి వెనుదిరగడమే చాలామంది చేసే పని. వారు మాత్రం దారి పొడవునా ఆగుతూ, చెట్ల మీదుగా అల్లుకుపోయిన గిల్లతీగను, తూర్పు కనుమల దక్షిణ భాగానికే సొంతమైన ఎర్రచందనాన్ని చూపించి, ఆ రాతినేలలో చెట్టు ఎంత నెమ్మదిగా చేవదేరుతుందో, ఒక్క మాను నరికినా ఆ లోటు మన తరంలో ఎందుకు తీరదో ఓపికగా వివరించారు. కోతులకు తిండి అలవాటు చేస్తే అవి అడవిలో కాయలు వెతకడం మాని రోడ్డెక్కి వాహనాల కింద పడతాయని చెప్పిన తరువాత మా పిల్లలెవరూ బిస్కెట్ పొట్లం విప్పలేదు. బయలుదేరే ముందే ప్లాస్టిక్ సీసాలు పక్కన పెట్టించి, స్టీలు సీసాల్లో నీళ్లు నింపించారు.

మోకాళ్ల నొప్పులున్న మా పెద్దమ్మ ఆగినప్పుడల్లా వారు ఏదో ఒక చెట్టు గురించి చెప్పడం మొదలుపెట్టి, తన కోసమే అందరూ ఆగారన్న భావన ఆవిడకు కలగనివ్వలేదు. ఆ సంస్కారం ఏ శిక్షణలోనూ దొరకదని నా నమ్మకం.

అయ్యా, వానలు తగ్గాక మా వీధివారు మరికొందరు వస్తామంటున్నారు; వారినీ మీరే నడిపించాలని మా కోరిక.