సైకాలజీ ఎం.ఏ. ప్రవేశం చెల్లుతుందా అని అడిగితే మూడు నెలలుగా జవాబివ్వని మీ కంపెనీకి ఫిర్యాదు

శ్రీకాకుళం,
24 నవంబరు 2025.

ఫిర్యాదుల విభాగం అధికారి గారికి,

అయ్యా,

మీ కంపెనీ ద్వారా దూరవిద్యలో ఎం.ఏ. సైకాలజీకి ఫీజు కట్టిన పొందూరు అమ్మాయి తరఫున ఈ లేఖ రాస్తున్నాను. జులైలో డబ్బు కట్టింది. ఆగస్టులో యూజీసీ (విశ్వవిద్యాలయాల నిధుల సంఘం) నోటీసు వచ్చింది. అప్పటినుంచి మిమ్మల్ని అడుగుతున్నది ఒక్కటే ప్రశ్న. ఈ ప్రవేశం చెల్లుతుందా, చెల్లదా? మూడు నెలలు గడిచాయి. ఎక్కడ వేసిన గొంగళి అక్కడే ఉంది.

ఆ నోటీసులో ఏముందో మీకు తెలియంది కాదు. అలైడ్, హెల్త్‌కేర్ వృత్తుల జాతీయ కమిషన్ చట్టం, 2021 కిందికి వచ్చే సబ్జెక్టులను 2025 జులై-ఆగస్టు సెషన్ నుంచి దూరవిద్యలో గానీ ఆన్‌లైన్‌లో గానీ నడపకూడదు. సైకాలజీ, మైక్రోబయాలజీ, బయోటెక్నాలజీ, ఫుడ్ అండ్ న్యూట్రిషన్ అన్నీ అందులో ఉన్నాయి. ముందే ఇచ్చిన అనుమతి ఉన్నా ఆ సెషన్ నుంచి వెనక్కి తీసుకుంటామని రాశారు. బి.ఏ.లో చాలా సబ్జెక్టులుండి వాటిలో సైకాలజీ ఒకటైతే, ఆ ఒక్క స్పెషలైజేషన్ పోయి మిగతావి నిలుస్తాయి. ఎం.ఏ. సైకాలజీలో తీసేస్తే మిగిలేది ఏమీ లేదు. ఈ రూలు మీరు పెట్టింది కాదు కాబట్టి దానికి మీ మీద కోపం లేదు. అడిగినవాళ్లను మనుషుల్లో జమకట్టకపోవడం మీదే నా కోపమంతా.

మొదట ఫోన్ ఎత్తినాయన "యూజీసీ అప్రూవ్డ్ సార్, టెన్షన్ పడకండి" అన్నారు. విశ్వవిద్యాలయానికి గుర్తింపు ఉండటం వేరు, ఆ కోర్సును దూరవిద్యలో నడిపే అనుమతి వేరు. డిగ్రీ ఇచ్చే హక్కు 1956 యూజీసీ చట్టం 22వ సెక్షన్ నుంచి వస్తుంది. దూరవిద్య అనుమతి మాత్రం కోర్సు కోర్సుకూ, సెషన్ సెషన్‌కూ యూజీసీ వారి దూరవిద్యా బ్యూరో (డీఈబీ) జాబితాలో చూసుకోవాలి. నిరుడు పేరుంది కదా అంటే ఈ ఏడాదికి అక్కరకు రాదు. ఇదంతా ఆయనకు ఓపిగ్గా చెప్పాను. "సీనియర్‌కి కనెక్ట్ చేస్తాను" అని పన్నెండు నిమిషాలు పాట వినిపించి లైన్ కట్ చేశారు.

తర్వాత మాట్లాడిన అమ్మాయి విశ్వవిద్యాలయాల నాణ్యతకు మార్కులు వేసే న్యాక్ సంస్థ ఇచ్చిన గ్రేడు చదివి వినిపించింది. న్యాక్‌లో 3.01 స్కోరు ఉంటే దూరవిద్య నడపడానికి దరఖాస్తు చేసుకునే అర్హత వస్తుంది, అంతే. నిషేధించిన సబ్జెక్టుకు ఆ స్కోరు అనుమతి తెచ్చిపెట్టదు.

మూడో ఆయన గట్టిగానే వాదించారు. దూరవిద్య డిగ్రీ రెగ్యులర్ డిగ్రీతో సమానమని యూజీసీయే చెప్పింది కదా అన్నారు. అవును, చెప్పింది. 2020 సెప్టెంబరు 4న వచ్చిన నిబంధనల్లో 22వ నిబంధన అదే. 2022 సెప్టెంబరు 2న నోటీసు ఇచ్చి మళ్లీ స్పష్టం చేసింది కూడా. కానీ ఆ సమానత్వం అనుమతితో నడిచిన కోర్సుకే. అనుమతి లేని కోర్సుకు ఆ నోటీసు చూపిస్తే ఏ వెరిఫికేషన్ అధికారీ ఒప్పుకోడు. మీ దగ్గర పనిచేసేవాళ్లకు ఈ తేడా తెలియకపోతే అది మీ తప్పు. తెలిసీ అలా మాట్లాడితే అది ఇంకా పెద్ద తప్పు.

ఏడురోడ్ల జంక్షన్ దగ్గరున్న మీ ఆఫీసుకు రెండుసార్లు వెళ్లాం. హైదరాబాద్ వాళ్లనే అడగాలన్నారు. హైదరాబాద్‌కు ఫోన్ చేస్తే మీ లోకల్ కౌన్సెలర్‌నే అడగాలన్నారు. మూడోసారి వెళితే "సోషియాలజీకి మార్చేస్తాం, మార్పు ఫీజు కట్టండి" అన్నారు. చెల్లుతుందో లేదో చెప్పకుండానే మార్పు ఫీజు! ఆ సాయంత్రమే ఫోన్‌కు మెసేజ్ వచ్చింది: "మీ సమస్య పరిష్కారమైంది, మా సేవకు రేటింగ్ ఇవ్వండి." ఏ సమస్య పరిష్కారమైందో, ఎవరు పరిష్కరించారో రాయలేదు. మళ్లీ రాస్తే, పాత ఫిర్యాదు మూసేశాం కాబట్టి కొత్తది పెట్టుకోమన్నారు. ఇలా మూడుసార్లు.

మీరిచ్చిన రసీదు నా ముందే ఉంది. పైన మీ లోగో, కింద మీ ముద్ర. వివరం గడిలో "అడ్మిషన్ సపోర్ట్" అని ఉంది. విశ్వవిద్యాలయం పేరు ఎక్కడా లేదు. ఎన్‌రోల్‌మెంట్ నంబరు గడి ఖాళీ, దాని పక్కన పెన్సిల్‌తో చిన్న టిక్. ఆ టిక్‌కు అర్థమేమిటని అడిగితే ఇంతవరకు ఎవరూ చెప్పలేదు. అమ్మాయి డిజీలాకర్‌లో ఏబీసీ ఐడీ (విద్యార్థి క్రెడిట్ల ఖాతా నంబరు) తీసుకుని, దాంతో దూరవిద్యలో చేరడానికి కావలసిన డీఈబీ ఐడీ కూడా తనే చేసుకుంది. 2024-25 నుంచి అది లేకుండా ప్రవేశం లేదు. అయితే ఐడీ చేసుకున్నంత మాత్రాన చేరినట్టు కాదు. ఆ ఐడీ మీద విశ్వవిద్యాలయం ప్రవేశాన్ని నమోదు చేయాలి. అది జరిగిందో లేదో మీరు ఒక్క మెయిల్ పెడితే తెలిసిపోయే సంగతి.

ఇంత పట్టుబట్టడానికి కారణం ఉంది. ఇలాంటి లోపం చేరిన రోజు కనబడదు. పుస్తకాలొస్తాయి, పరీక్షలు జరుగుతాయి, సర్టిఫికెట్ చేతికొస్తుంది. ఏళ్ల తర్వాత ఒరిజినల్స్ పరిశీలనలో బయటపడుతుంది. కొన్ని డీమ్డ్ విశ్వవిద్యాలయాలు అనుమతి లేకుండా దూరవిద్యలో ఇచ్చిన ఇంజనీరింగ్ డిగ్రీలపై సుప్రీంకోర్టు తీర్పు 2017 నవంబరు 3న వచ్చింది. అందులో 2001-05 మధ్య చేరినవాళ్ల డిగ్రీలను సస్పెండ్ చేసి, మళ్లీ పరీక్ష రాయమన్నారు. అప్పటికే ఉద్యోగాల్లో ఉన్నవాళ్లు వాళ్లు. ఈ అమ్మాయికి ఆ గతి పట్టకూడదు.

మూడేళ్లుగా ఆమదాలవలస, నరసన్నపేట, పొందూరు పిల్లలు మిమ్మల్ని నమ్మి చేరారు. మీ పేరు నలుగురికీ చెప్పింది కూడా వాళ్లే. ఆ నమ్మకానికి మీరిచ్చే విలువ ఇదేనా?

జనవరి-ఫిబ్రవరి సెషన్ ప్రవేశాలు వస్తున్నాయి. అమ్మాయి వేరే కోర్సుకు దరఖాస్తు చేసుకోవాలన్నా, సైకాలజీయే కావాలనుకుని రెగ్యులర్ కాలేజీ వెతుక్కోవాలన్నా ముందు మీ జవాబు కావాలి, కట్టిన డబ్బు చేతికి రావాలి. ప్రవేశం చెల్లేదైతే ఎన్‌రోల్‌మెంట్ నంబరు, ఆ సెషన్ జాబితాలో ఆ కోర్సు ఉన్న పేజీ పంపండి. చెల్లనిదైతే ఆ మాటే రాసి, మొత్తం ఫీజు వెనక్కి ఇవ్వండి. డిసెంబరు 10 దాకా చూస్తాను. ఆ తర్వాత వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫిర్యాదు, శ్రీకాకుళం జిల్లా వినియోగదారుల కమిషన్‌లో కేసు. ఫిర్యాదుదారు ఉన్న జిల్లాలోనే కేసు వేయొచ్చని 2019 వినియోగదారుల రక్షణ చట్టం చెబుతోంది, కాబట్టి హైదరాబాద్ రమ్మనే వీలు మీకు లేదు. విద్యాసంస్థలు సేవ కిందికి రావన్న వాదన కోర్టుల్లో ఉంది. మీరు విద్యాసంస్థ కాదు, డబ్బు తీసుకుని సేవ అమ్మిన కంపెనీ. దూరవిద్యలో ఫ్రాంచైజీ ఏర్పాట్లు చెల్లవని యూజీసీ ఎప్పుడో చెప్పింది. రసీదు మీ పేరున ఎందుకుందో అడుగుతూ దూరవిద్యా బ్యూరోకు రాసే లేఖతో ఈ రసీదు నకలు కూడా జతచేస్తాను.

జవాబు మీ లెటర్‌హెడ్ మీద, సంతకంతో, అమ్మాయి పేరున రావాలి. ఫోన్ చేయవద్దు.

ఇట్లు,
విద్యార్థిని తరఫున,
శ్రీకాకుళం.